తొట్లకొండకు ఇరవై నిమిషాలు చాలవు: పర్యాటక శాఖ మంత్రివర్యులకు బహిరంగ లేఖ

గౌరవనీయులైన ఆంధ్రప్రదేశ్ పర్యాటక శాఖ మంత్రివర్యులకు నమస్కారాలు.

నేను మచిలీపట్నంలో ఉన్నత పాఠశాల పిల్లలకు సాంఘిక శాస్త్రం చెప్పే ఉపాధ్యాయురాలిని. సంక్రాంతి సెలవుల్లో మా అమ్మను, ఎనిమిదో తరగతి చదువుతున్న మా అమ్మాయిని వెంటబెట్టుకుని విశాఖపట్నం వెళ్లాను. అక్కడి నుంచి భీమునిపట్నం (భీమిలి) దాకా సముద్రం ఒడ్డున ఉన్న చారిత్రక స్థలాలన్నీ గైడుతో సహా ఒక్క రోజులో చూపిస్తామని, మనిషికి వెయ్యి రూపాయల లోపే అవుతుందని చెబితే ఒక బస్సు టూరుకు ముగ్గురికీ టిక్కెట్లు తీసుకున్నాను. ఆ రోజు మేము చూసిందీ, చూడలేకపోయిందీ మీకు విన్నవించి, ఒక కోరిక కోరడానికే ఈ లేఖ రాస్తున్నాను. ఆ టూరు నడిపినవారి పేరు ఇక్కడ రాయడం లేదు. వారొక్కరిని తప్పుపట్టడం వల్ల మారేది ఏమీ ఉండదని, మార్పు రావలసింది పద్ధతిలోనని నా నమ్మకం.

ముందుగా ఒక మాట చెప్పాలి. ఇలాంటి చౌక టూర్లను నేను తక్కువ చేసి చూడను. సొంత కారు లేని కుటుంబం, రోజంతా టాక్సీ మాట్లాడుకోలేని చిన్న ఉద్యోగి, పింఛను మీద బతికే పెద్దవాళ్లు, తోడుగా మగవాళ్లెవరూ లేకుండా బయలుదేరిన ఆడవాళ్లు, వీళ్లందరికీ మన చరిత్రను కళ్లతో చూసే దారి ఈ బస్సే. మా అమ్మకు డెబ్బై రెండేళ్లు. భీమిలి దారిలో బౌద్ధ శిథిలాలున్న తొట్లకొండను ఆమె ఎక్కడం అదే మొదటిసారి, మళ్లీ ఎక్కుతుందని నేను అనుకోను. డబ్బున్నవాళ్లు ఈసారి సరిగా చూడలేకపోతే ఇంకోసారి వస్తారు. మాలాంటివాళ్లకు ఆ ఒక్క రోజే. అందుకే ఆ రోజు ఎలా గడుస్తుందన్నది చిన్న విషయం కాదని విన్నవించుకుంటున్నాను.

ఉదయం మొదట రామకృష్ణా బీచ్‌లోని కురుసుర జలాంతర్గామికి తీసుకువెళ్లారు. 1969లో నౌకాదళంలో చేరి, 2001లో విధులు చాలించి, ఆ మరుసటి ఏడాది ప్రదర్శనశాలగా మారిన ఆ జలాంతర్గామిలో మాకు విషయాలు చెప్పింది నౌకాదళంలో పనిచేసి పదవీ విరమణ చేసిన పెద్దమనిషి. ఒక మనిషి పక్కకు తిరిగితే చాలదనిపించే ఆ ఇరుకు నడవలో ఆయన మమ్మల్ని నిలబెట్టి, అన్నం ఎక్కడ వండేవారో, ఎక్కడ పడుకునేవారో, టార్పెడోను ఏ గొట్టంలోకి ఎక్కించేవారో ఒక్కొక్కటే చూపించారు. మా అమ్మాయి ఆయనను నాలుగు ప్రశ్నలు అడిగింది. నాలుగింటికీ ఓపికగా జవాబు చెప్పారు. తెలిసిన మనిషి పక్కన నిలబడి చెబితే ఇనుము కూడా మాట్లాడుతుందని అప్పుడు అనిపించింది. ఈ మాట ఎందుకు రాస్తున్నానంటే, నేను అడగబోతున్నది ఎక్కడా లేని కొత్త ఏర్పాటు కాదు, అదే ఊళ్లో, అదే బీచ్ రోడ్డు మీద ఇప్పటికే చక్కగా నడుస్తున్న ఏర్పాటు.

అక్కడి నుంచి భీమిలి రోడ్డు పట్టుకుని సుమారు పదిహేను కిలోమీటర్లు వచ్చాక బస్సు తొట్లకొండ ఎక్కింది. మా గైడుకు ఇరవై రెండేళ్లకు మించి ఉండవు. మంచి పిల్లవాడు. పొద్దుటి నుంచి తలలు లెక్కపెట్టడం, నీళ్ల సీసాలు పంచడం, టిఫిన్ల దగ్గర తగువులు తీర్చడం, మైకు పట్టుకుని పాటల పోటీ పెట్టడం అన్నీ అతని నెత్తినే ఉన్నాయి. కొండ మీద బస్సు ఆగగానే మైకులో అతను చెప్పింది ఇంతే: "ఇది పూర్వం బౌద్ధుల గుడి అండీ, ఇరవై నిమిషాలు టైముంది, ఫొటోలు దిగి వచ్చేయండి." నేను పక్కకు పిలిచి, "బాబూ, ఇంకేమైనా చెబుతావా" అని అడిగితే అతను మొహమాటపడ్డాడు. "మాకు ఎవరూ చెప్పలేదు మేడం, బోర్డు మీద ఉన్నదే నేనూ చదివాను" అన్నాడు. అతని మీద నాకు రవ్వంత కోపం కూడా లేదు. చెప్పమన్నవారు ముందు అతనికి నేర్పించి ఉండవలసింది.

మా అమ్మ మాత్రం అక్కడ రాతిలో తొలిచిన తొట్టి దగ్గర ఆగిపోయింది. కొండ మీద ఏరు లేదు, చెరువు లేదు, ఇన్ని నీళ్లు ఎవరు మోసుకొచ్చి పోసేవారే అని నన్నడిగింది. నాకు పుస్తకంలో చదివిన జవాబు తెలుసుగానీ, అక్కడ ఆకులు ఊడుస్తున్న ఒక ఆవిడ మా మాటలు విని దగ్గరకు వచ్చింది. అమ్మ చేతిలోని నీళ్ల సీసా అడిగి తీసుకుని, తొట్టికి పైన ఉన్న బండ మీద కాసిని నీళ్లు పోసింది. ఆ నీళ్లు అటూ ఇటూ చెదరకుండా, రాతి వాలు వెంట సన్నటి గీతలా జారి తొట్టిలో పడ్డాయి. "ఎవరూ మొయ్యక్కర్లేదమ్మా, వాన కురిస్తే కొండే నింపుకుంటాది" అంది ఆవిడ. కొండకు ఆ పేరు ఆ తొట్ల వల్లే వచ్చిందని అమ్మకు అప్పుడు తెలిసింది. ఊళ్లో మా డాబా మీద వాన నీరు వృథాగా పోతోందని ఇంటికొచ్చాక కూడా రెండుమూడు సార్లు అంది. ఆ రోజంతటిలో చరిత్ర మా మధ్యకు వచ్చిన క్షణం అదొక్కటే. దాన్ని తెచ్చింది మేము డబ్బు కట్టిన టూరు కాదు.

మంత్రివర్యా, ఆ కొండ మీద చెప్పడానికి ఎంత ఉందో మీకు తెలియనిది కాదు. నౌకాదళ స్థావరం కోసం విమానం నుంచి సర్వే చేస్తుండగా ఆ శిథిలాలు బయటపడ్డాయి. రాష్ట్ర పురావస్తు శాఖ 1988లో తవ్వకాలు మొదలుపెట్టి కొన్నేళ్లపాటు సాగిస్తే మహాస్తూపం, చైత్యగృహాలు అనే ప్రార్థనా మందిరాలు, భిక్షువులు ఉండే గదుల వరుసలు, సమావేశ మండపం, వంటశాల, భోజనశాల ఒక్కొక్కటిగా వెలుగు చూశాయి. శాతవాహనుల నాణేలతోపాటు రోమన్ వెండి నాణేలు కూడా ఆ మట్టిలో దొరికాయి. సముద్ర మట్టానికి నూట ఇరవై మీటర్లకు పైగా ఎత్తున, భిక్షాపాత్ర తప్ప సొంత ఆస్తి లేని సన్యాసులు ఉన్న చోట రోమ్ నాణేలు ఎందుకున్నాయి? ఈ ఒక్క ప్రశ్న వేసి, పిల్లలను సముద్రం వైపు తిప్పి నిలబెడితే చాలు. కింద ఓడలు వచ్చిపోయే తీరం, పైన విహారం, రెంటికీ నడుమ దానాలు ఇచ్చిన వర్తకులు, అన్నీ వాళ్లకే కనబడతాయి. అదే తీరంలో కొద్ది దూరంలో బావికొండ, భీమిలి దగ్గర పావురాళ్లకొండ ఉన్నాయని, మూడు కొండల మీదా బౌద్ధుల ఆనవాళ్లే ఉన్నాయని చెబితే ఇది ఒంటరి గుడి కాదని, ఒక కాలపు జీవన విధానమని అర్థమవుతుంది. తరగతి గదిలో శాతవాహనుల పాఠం నాకు నాలుగు పీరియడ్లు పడుతుంది. ఆ కొండ మీద తెలిసినవారు ఒక్క గంట చెబితే నా నాలుగు పీరియడ్ల కంటే ఎక్కువ పని జరుగుతుంది. ఇది నేను మనస్ఫూర్తిగా రాస్తున్న మాట.

చెప్పకపోతే నష్టం మాది మాత్రమే కాదు, ఆ కట్టడాలది కూడా. 2019 అక్టోబరులో కురిసిన భారీ వర్షాలకు మహాస్తూపంలో కొంత భాగం కూలిపోయిన సంగతి అందరికీ తెలుసు. మేము వెళ్లిన రోజు మా బస్సులోని కుర్రవాళ్లు ఇద్దరు ఆ ఇటుకల అంచు మీదికి ఎక్కి ఫొటో దిగబోయారు. దిగమని కేక వేసింది కూడా ఆ ఊడ్చే ఆవిడే. వాళ్లు చెడ్డవాళ్లు కారు. ఎక్కుతున్నది గట్టు అనుకున్నారు, అంతే. అది ఏమిటో బస్సు దిగకముందే చెప్పి ఉంటే వాళ్లే దూరంగా నిలబడేవారు.

తొట్లకొండ దిగాక ఒక దుకాణం దగ్గర బస్సును యాభై నిమిషాలు ఆపారు. జీడిపప్పు, గవ్వల బొమ్మలు కొనుక్కోమన్నారు. మధ్యాహ్న భోజనానికి గంటకు పైగా పట్టింది. ఎర్రమట్టి దిబ్బల దగ్గర పావుగంట ఆగాం. అవి మామూలు మట్టిగుట్టలు కావని, 2025లో యునెస్కో తాత్కాలిక జాబితాలో చేరిన అరుదైన ప్రకృతి వారసత్వమని ఎవరూ చెప్పలేదు. ఇక్కడే ఇంకొక మాట కూడా రాయాలి, ఆడవాళ్లు బయటికి చెప్పుకోలేని మాట. బస్సు ఎక్కడ ఆగుతుందో, అక్కడ మరుగుదొడ్డి ఉంటుందో లేదో ముందుగా తెలియక, మా అమ్మ ఉదయం కాఫీ తాగిన తర్వాత మధ్యాహ్నం దాకా గుక్కెడు నీళ్లు కూడా ముట్టలేదు. బస్సులో చాలామంది ఆడవాళ్లు అలాగే కూర్చున్నారని ఆమె తర్వాత నాతో చెప్పింది.

సాయంత్రానికి భీమిలి చేరేసరికి ఆలస్యమైందన్నారు. డచ్చివారి సమాధుల తోటను కిటికీలోంచి చూపించి బస్సును వెనక్కి తిప్పారు. మా ముగ్గురికీ ఆ రోజు అన్నిటికంటే ఎక్కువ బాధ కలిగించింది ఇదే, దానికి కారణం మా ఊరు. బందరులో వలందపాలెం అని ఒక పేట ఉంది. డచ్చివారిని, అంటే హాలెండువారిని, మన పూర్వులు వలందావారు అన్నారు, ఆ పేరే పేటకు నిలిచింది. ఆ పక్కన పరాసువారి, అంటే ఫ్రెంచివారి, పేరుతో పరాసుపేట, ఆంగ్లేయుల పేరుతో ఇంగ్లీషుపాలెం ఉన్నాయి. డచ్చివారు 1605లో మా బందరులో వర్తక స్థావరం పెట్టారు, ఆ శతాబ్దంలోనే భీమిలికీ వచ్చారు, 1825లో భీమిలి ఆంగ్లేయుల చేతికి పోయింది. మా అమ్మ పుట్టింటివారు వలందపాలెంలో ఉండేవారు. ఆ వలందావాళ్లు ఎవరో ఒకసారి చూసి వద్దామని ఆమె ముచ్చటపడింది. కిటికీలోంచి ఆమెకు కనిపించింది ప్రహరీ గోడ.

మర్నాడు తిరుగు రైలు రాత్రికి కాబట్టి, మేము సిటీ బస్సెక్కి మళ్లీ భీమిలి వెళ్లాం. గోపురాల్లా పైకి సాగిన ఆ సమాధుల మధ్య, రాళ్ల మీది డచ్ అక్షరాలను అమ్మ వేలితో తడిమి చూసింది. ఒక్క ముక్క చదవలేకపోయినా చాలాసేపు అక్కడే నిలబడింది. ఇంత దూరం వచ్చి ఇక్కడ మట్టిలో కలిసిపోయారా పాపం అంది. ఆ రాతల్లో ఏముందో ఆమెకు చెప్పగలిగినవారు ఆ రోజు ఎవరూ లేరు. నేనూ చెప్పలేకపోయాను.

మంత్రివర్యా, నా కోరిక ఒక్కటే. గైడుతో కూడిన టూరు అని చెప్పి టిక్కెట్టు అమ్మే ప్రతి బస్సులోనూ, అది ప్రభుత్వానిదైనా ప్రైవేటువారిదైనా, ఆ స్థలాల చరిత్ర నేర్చుకుని, పరీక్ష రాసి, గుర్తింపు కార్డు పొందిన గైడు తెలుగులో చెప్పేలా నిబంధన తీసుకురండి. ఏం చెప్పాలన్నది పురావస్తు శాఖవారితో సరిచూయించి ఒక చిన్న పుస్తకంగా అచ్చువేయించి గైడులకు ఇవ్వండి. విశాఖలో ఆంధ్ర విశ్వవిద్యాలయం ఉంది, చరిత్ర, పురావస్తు శాస్త్రం చదువుకున్న యువతీయువకులు అక్కడ ఉన్నారు. భీమిలి, మంగమారిపేట చుట్టుపక్కల పల్లెల్లో చదువుకుని ఖాళీగా ఉన్న పిల్లలు కూడా ఉంటారు. తొట్లకొండ మీద నీళ్లు పోసి చూపించిన ఆ ఆవిడ లాంటివారు కూడా ఈ శిక్షణలో గురువులు కాగలరని నేను అనుకుంటున్నాను. తొట్లకొండకు ఒక గంట, భీమిలి సమాధుల తోటకు అరగంట తప్పనిసరిగా కేటాయించాలని, బస్సు ఎక్కడెక్కడ ఎంతసేపు ఆగుతుందో, ఎక్కడ మరుగుదొడ్డి ఉందో టిక్కెట్టు వెనకే అచ్చువేయాలని ఆదేశించండి. దుకాణం దగ్గర పోయే యాభై నిమిషాలు ఇటు మళ్లితే చాలు, రోజు పొడవు పెరగదు.

దీనివల్ల టిక్కెట్టు ధర పెరుగుతుందని ఎవరైనా మీకు చెప్పవచ్చు. ఏసీ లేకపోయినా, మధ్యాహ్నం పులిహోర పొట్లం పెట్టినా మాకు ఫరవాలేదు. ధర పెంచవద్దని, గైడు జీతంలో మాత్రం కోత పెట్టవద్దని వేడుకుంటున్నాను. మా బస్సులోని ఆ పిల్లవాడు రోజు కూలీ మీద పనిచేస్తున్నాడు. దుకాణంలో మేము కొన్నదాని మీద వచ్చే కమీషనే అతనికి ఆసరా. అందుకే మమ్మల్ని అక్కడ అంతసేపు ఉంచాడని అతనే చెప్పాడు. అతని జీతం గౌరవంగా ఉంటే, మేము దుకాణంలో గడిపిన సమయం తొట్లకొండ మీద గడిచేది.

విశాఖలో ఈ ఏర్పాటు కుదిరితే, తర్వాత మా బందరును కూడా గుర్తుపెట్టుకోమని అడగడానికి చనువు తీసుకుంటున్నాను. సుమారు 20 కిలోమీటర్ల దూరంలో ఘంటసాల బౌద్ధ స్తూపం, ఊళ్లో బందరుకోట, డచ్చివారి సమాధులు, పెడనలో కలంకారీ అచ్చు వేసే ఇళ్లు, చివరికి మంగినపూడి తీరం, ఇవన్నీ ఒక్క బస్సులో, ఒక్క పగలులో హాయిగా చూడదగినవి. 1864 నవంబరు తుపానులో సముద్రం మా ఊరి మీదికి వచ్చి సుమారు ముప్పై వేల మందిని పొట్టన పెట్టుకున్న కథ ఇప్పటికీ మా ఇళ్లలో చెప్పుకుంటారు. ఆ టూరుకు కావలసిన పాఠం రాయించదలిస్తే, నేను, మా పాఠశాలలో నాతో పనిచేసే తెలుగు మాస్టారు పైసా తీసుకోకుండా రాసి ఇవ్వడానికి సిద్ధంగా ఉన్నాం. మా తొమ్మిదో తరగతి పిల్లలు వలందపాలెం వీధుల పేర్లు, పాత ఇళ్ల వివరాలు ఇప్పటికే ఒక నోటు పుస్తకంలో రాసుకుంటున్నారు. మీ శాఖ నుంచి ఎవరైనా వస్తే ముందుగా ఆ పుస్తకం చూపిస్తాం.

ఇట్లు
తమ విధేయురాలు,
ఒక సాంఘిక శాస్త్ర ఉపాధ్యాయురాలు,
మచిలీపట్నం, కృష్ణా జిల్లా.