ఆ ‘రాదు’ అన్న మాటేదో కాగితం మీద ఇప్పించండి

రాష్ట్ర వ్యవసాయ శాఖ మంత్రి గారికి,

నమస్కారం. మాది గోదావరి డెల్టా. సొంత భూమి లేదు. మా నాన్న మూడెకరాలు మక్తాకి, అంటే కౌలుకి, చేస్తున్నారు. సార్వాకి (ఖరీఫ్‌కి) పంట రుణం కోసం కౌలు కార్డు పట్టుకుని మూడోసారి బ్యాంకుకి వెళ్ళాం. అక్కడి ఆఫీసరు గారు సర్వే నంబరు కంప్యూటర్లో కొట్టి చూసి, "దీని మీద ఓనరు గారు లోన్ తీసేసుకున్నారండీ, మీకు రాదు" అన్నారు. ఆ మాటే రాసివ్వమన్నాను. ఆయన నన్ను ఎగాదిగా చూసి, కార్డు జిరాక్సు వెనక పెన్సిలుతో ‘లోన్ ఉంది’ అని గీకి చేతిలో పెట్టారు. సంతకం లేదు, తేదీ లేదు, ముద్ర లేదు. దరఖాస్తు కూడా వెనక్కిచ్చేశారు. రికార్డు ప్రకారం మేం అప్పు అడగనే లేదన్నమాట.

ఆ జిరాక్సునే లాయరు గారికి చూపించాను. ఆయన నవ్వలేదు గానీ, నవ్వినంత పని చేశారు. హైకోర్టులో రిట్ వేయాలంటే మీరు అడిగినట్టూ, వాళ్ళు కాదన్నట్టూ రుజువుండాలి, ఈ పెన్సిలు రాత ఎవరిదని చెబుతాం అన్నారు. బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే అంబుడ్స్‌మన్ దగ్గరికి వెళ్ళాలన్నా ముందు బ్యాంకుకి రాతపూర్వకంగా ఫిర్యాదు చేసి 30 రోజులు ఆగాలి. అంతా అయ్యాక, అప్పు ఇవ్వడమా మానడమా అన్నది బ్యాంకు వ్యాపార నిర్ణయం అనేస్తే ఆ ఫిర్యాదూ నిలవదు. ఈలోగా నారు ముదిరిపోతుంది.

విచిత్రం ఏంటంటే, అప్పు నిరాకరిస్తే ముఖ్య కారణాన్ని రాతపూర్వకంగా తెలపాలని రిజర్వు బ్యాంకు ఎప్పుడో బ్యాంకులకి చెప్పింది. చిన్న అప్పుకీ పెద్ద అప్పుకీ అదే నియమం. మా మండలంలో అలాంటి కాగితం అందుకున్న కౌలు రైతుని నేనింతవరకు చూడలేదు.

కార్డు సంగతి కూడా చెప్పాలి. 2011 చట్టం కింద రుణ అర్హత కార్డులన్నారు, 2019 చట్టంతో సాగుదారు హక్కు పత్రాలన్నారు. గడువు 11 నెలలు. ఓనరు సంతకం కావాలి. ఈ పత్రంతో భూమి మీద ఏ హక్కూ రాదని చట్టంలోనే ఉన్నా ఆయన భయం ఆయనది. ఆ సంతకం కోసం నాన్న వాళ్ళ అరుగు మీద ఎన్ని పొద్దులు కూర్చున్నారో నాకు తెలుసు. తీరా తెస్తే, అదే ఓనరు అప్పు మాకు అడ్డం.

ఒకే పంటకి రెండు అప్పులివ్వలేమన్నది బ్యాంకు బాధ. అదీ నిజమే. కానీ అక్కడ పంట వేసేది ఎవరండీ? 2025 జనవరి నుంచి 2 లక్షల దాకా తాకట్టు లేకుండానే వ్యవసాయ రుణం ఇవ్వాలంటున్నారు కదా, మరి తాకట్టే లేనప్పుడు ఆ భూమి మీద ఇంకొకరి అప్పుంటే మాకేంటి? దీని మీద వాదించడానికి మేం సిద్ధమే. వాదించడానికి చేతిలో ఒక ఉత్తర్వు ఉండాలి, అంతే.

బ్యాంకులో దొరికితే, సకాలంలో కట్టినవాళ్ళకి వడ్డీ 4 శాతమే పడుతుంది. మేం చివరికి నూటికి నెలకి మూడు రూపాయలకి తెచ్చుకున్నాం. అంటే ఏడాదికి 36.

రుణమాఫీ అడగడానికి ఈ ఉత్తరం రాయలేదు. వచ్చే రాష్ట్ర స్థాయి బ్యాంకర్ల సమావేశంలో ఒక్క విషయం తేల్చండి. కౌలు రైతు దరఖాస్తు రైతు సేవా కేంద్రంలో తీసుకుని రసీదు ఇవ్వాలి. బ్యాంకు కాదంటే సర్వే నంబరు, కారణం, తేదీ వేసి, ముద్ర కొట్టి ఇవ్వాలి. తెలుగులో ఇస్తే మరీ మంచిది, నాన్న చదువుకుంటారు.

దాళ్వాకి (రబీకి) మళ్ళీ అదే బ్యాంకుకి వెళ్తాం. పెన్సిలు రాసిన జిరాక్సు కూడా తీసుకెళ్తాను.

ఇట్లు,
ఒక కౌలు రైతు కొడుకు