సూరిగాడికి, ఒడిశాలోని మోటు నుంచి

ఒరేయ్ సూరీ,

జవాబు ఆలస్యమైంది, తిట్టేదేదో కలిసినప్పుడు తిట్టు. ఇక్కడ అందరూ కులాసా. ఊడ్పులు అయిపోయాయి, శబరి, సీలేరు కలిసే చోట నీళ్ళు ఇంకా ఎర్రగానే ఉన్నాయి. అంతే విశేషాలు. అసలు సంగతికొస్తా.

నీ తొలిచూలు పెయ్య చెయ్యేస్తే తంతోందనీ, ఈనాక కాళ్ళకి బందం వేసి పిండుతాననీ రాశావే, వద్దురా! ఈనడానికి ఇంకా రెండు నెలలుందిగా, తవుడుతో మచ్చిక చెయ్యి.

ముందు నాలుకతో 'టక్' అను. (ఈల వద్దు. నీ ఈలకి మనుషులే పారిపోయారు.) అన్న ఒకటి రెండు సెకన్లలో గిన్నెలో గుప్పెడు తవుడు, చిటికెడు బెల్లం. మొదట్లో ఇంకేమీ అడగకు. టక్ అనగానే చెవులు తిప్పి మూతి గిన్నె కోసం వెతికిందంటే దానికి లెక్క తెలిసినట్టే. ఆలస్యం చేశావా, ఆలోగా తల విదిలిస్తే, విదిలించినందుకే పెట్టావనుకుంటుంది.

తర్వాత చెయ్యి. తిన్నగా వెనక నుంచి వెళ్ళకు, అక్కడున్నవాడు దానికి కనబడడు. భుజం, వీపు, డొక్క, తొడ, ఆఖర్న పొదుగు. కదలకుండా నిలబడిన క్షణానికే టక్. కాలెత్తిందంటే నువ్వు తొందరపడ్డావన్నమాట, ఒక మెట్టు వెనక్కి రా. అందరూ దెబ్బతినేది ఇక్కడే: తన్నగానే చెయ్యి లాగేస్తారు, తంతే చెయ్యి పోతుందని అది నేర్చేసుకుంటుంది. కాలు నేలకి దిగేదాకా ఆనించే ఉంచు, దిగాక తీసి టక్ అను. విసురు ఎక్కువైతే కర్ర చివర గుడ్డ చుట్టి, ముందు దాంతో తాకు. ఈనకముందు చన్ను మాత్రం పిండకు. చన్ను మొనలో ఉన్న బిరడా ఊడితే పొదుగువాపు వస్తుంది.

పూటకి ఐదు పది నిమిషాలు చాలు, మేతకి ముందు. అలాగని మాడ్చకు, ఆకలి మీద కుమ్ములాడుతుంది. తవుడు రోజుకి అరకిలో దాటకూడదు, అదీ దాణాలోంచి తగ్గించే. ఎక్కువైతే కడుపు పులిసి నెమరు మానేస్తుంది. అరచేతిలో పెట్టి తినిపించావో, కొమ్ముతో పొడిచి అడగడం మరుగుతుంది.

ఇంత తంటా ఎందుకంటావా? పొదుగు కడిగి తుడిచిన నిమిషం, నిమిషంన్నరలో ఆక్సిటోసిన్ అని పాలు దింపే హార్మోను వచ్చి పాలు చేపుతాయి, ఆ పట్టు ఐదారు నిమిషాలే. బెదిరితే అడ్రినలిన్ అని భయానికి ఊరే హార్మోను దానికి అడ్డుపడుతుంది, పొదుగు నిండుగా ఉన్నా పాలు దిగవు. మన మోటు జాతి ఆవు అసలే సేద్యానికి పుట్టింది, ఇచ్చే కాసినీ ఎగచేపితే పిల్లలకేం పోస్తావ్?

గంగడోలు గోకడం గురించి కూడా రాయాలి, అవి ఒకదాన్నొకటి మెడ దగ్గర నాకుతుంటాయి చూడు, అందుకని... ఉండు, బస్సు హారన్ కొడుతోంది, ఈ ఉత్తరం దాంట్లోనే పంపాలి. ముకుతాడు సంగతి మళ్ళీ. అన్నట్టు గిన్నె ప్లాస్టిక్‌ది తీసుకో, రేకుది గలగలమంటే బెదురుతుంది.

నీ
బుజ్జిగాడు