పాత బియ్యానికి కొత్త ధర వేశాను

టెక్సస్‌లోని ఇర్వింగ్‌లో మా కిరాణా కొట్టుకు వచ్చే అందరికీ నమస్కారం.

2025 డిసెంబర్ చివరి వారం స్టాక్ లెక్క చూసుకుంటూ ఇది రాస్తున్నాను. 2025లో మీలో చాలామంది నన్ను కౌంటర్ దగ్గర నిలదీసిన ప్రశ్న ఒకటే, "సోనా మసూరి బస్తా ఎందుకింత పెరిగింది?" అడిగినప్పుడల్లా "టారిఫ్‌లండీ" అని, అంటే అమెరికా వేసిన దిగుమతి సుంకాలని, ఒక్క ముక్కలో తేల్చేశాను. అది సగం నిజం. మిగతా సగం కూడా చెప్పకపోతే నాకే బాగుండేలా లేదు.

ఏడాది మొదట్లో గొడవంతా గుడ్లది. బర్డ్ ఫ్లూ దెబ్బకు మార్చిలో డజను గుడ్ల సగటు ధర దేశం మొత్తం మీద 6 డాలర్లు దాటింది. మనిషికి ఒక్క డజనే అని బోర్డు పెట్టినందుకు కొందరు అలిగారు కూడా. ఇప్పుడు తలుచుకుంటే అదో కష్టమా అనిపిస్తుంది.

మార్చి 30న ఉగాది పచ్చడి తిని విశ్వావసు నామ సంవత్సరంలోకి వచ్చాం. మూడు రోజులు తిరిగేసరికి, ఏప్రిల్ 2న, ట్రంప్ గారు వైట్‌హౌస్ తోటలో పెద్ద అట్ట పట్టుకుని ఏ దేశానికి ఎంత సుంకమో చదివారు. ఇండియాకు 26 శాతం. వారంలోనే దాన్ని 90 రోజులు ఆపి, 10 శాతం దగ్గర ఉంచారు. పంచాంగంలో నా రాశికి ఆదాయం, వ్యయం చూసుకున్నాను గానీ, వ్యయం ఈ దారిన వస్తుందని అందులో లేదు. ఆగస్టు 7 నుంచి 25 శాతం పడింది. రష్యా చమురు కొంటున్నారని ఇంకో 25 కలిపి ఆగస్టు 27 నుంచి 50 చేశారు. ఆ రోజు వినాయక చవితి. విఘ్నాలు తొలగించమని దండం పెట్టుకునే రోజే ఈ విఘ్నం.

ఇక్కడ ఒక లెక్క చెప్పాలి. ఆ 50 శాతం మీరు మా దగ్గర ఇచ్చే ధర మీద పడదు. రేవులో సరుకు దిగినప్పుడు ఇన్వాయిస్‌లో ఉన్న విలువ మీద పడుతుంది. అక్కడ బస్తా 10 డాలర్లు అనుకుంటే సుంకం 5 డాలర్లు. ఓడ కిరాయి, హ్యూస్టన్ గోడౌన్, లారీ ఖర్చు, హోల్‌సేలర్ లాభం, నా లాభం, వీటన్నిటికీ ఆ శాతం అంటదు. పైగా ఆగస్టు 27కు ముందే ఓడెక్కి, సెప్టెంబర్ 17 లోపు ఇక్కడి కస్టమ్స్ దాటిన సరుకుకు రెండో 25 పడలేదు. అంటే చవితి నాటికి నా వెనక గదిలో ఉన్న ఏ బస్తా మీదా ఎవరూ 50 శాతం కట్టలేదు. నేను వాటిని కొన్నది జూలైలో. వాటికి మహా అయితే 10 శాతం కట్టి ఉంటారు.

అయినా చవితికి రెండు రోజుల ముందు రాత్రి కూర్చుని, బస్తాకు 4 డాలర్లు పెంచి స్టిక్కర్లు మార్చాను. పాత బియ్యానికి ధర ఎక్కువని మనందరికీ తెలుసు, కానీ అది ఈ పాత కాదు.

పట్టుకున్నది కూతురి దగ్గరికి వచ్చిన ఒక పిన్నిగారు. తెనాలిలో టీచరుగా చేసి రిటైరయ్యారట. బస్తా వెనక్కి తిప్పి ప్యాకింగ్ తేదీ చూసి, "ఇవి ఫిబ్రవరిలోనే సంచిలోకెక్కాయి కదా బాబూ, ఈ సుంకం ఊసు అప్పటికి ఎక్కడుంది?" అన్నారు. వచ్చే లోడు కొనడానికి ఎక్కువ డబ్బు కావాలి కదండీ అన్నాను. అదీ నిజమే. కానీ చుట్టుపక్కల కొట్లలో పెంచేశారు, నేనొక్కణ్ణే ఎందుకు వదులుకోవాలి అనుకున్న మాట మాత్రం ఆవిడకు చెప్పలేదు. 2023 జూలైలో ఇండియా బాస్మతి కాని తెల్ల బియ్యం ఎగుమతి ఆపినప్పుడు జనం బస్తాల కోసం ఎగబడితే, ధర ముట్టుకోలేదని గొప్పగా చెప్పుకున్నవాణ్ణి నేను.

అదే వారంలో ఇండియా పోస్ట్ అమెరికాకు పార్సిళ్లు ఆపేసింది. 800 డాలర్ల లోపు పార్సిళ్లకు ఉన్న సుంకం మినహాయింపు ఆగస్టు 29తో పోయింది. అక్టోబర్ 15న మళ్లీ మొదలుపెట్టేదాకా అమ్మ పంపే ఆవకాయ రాక, మా సీసాలు తెగ అమ్ముడుపోయాయి. అవి మీ అమ్మ పెట్టినట్టు ఉండవని నాకూ తెలుసు, ఫిర్యాదులు అందాయి.

సెప్టెంబర్ 19 శుక్రవారం సాయంత్రం మాత్రం మర్చిపోలేను. ఎల్లుండి ఎంగిలిపూల బతుకమ్మ అని బంతిపూలు, చామంతులు బకెట్ల నిండా తెప్పించాను. హెచ్‌1బీకి లక్ష డాలర్ల ఫీజు అన్న వార్త వచ్చింది. ఒకాయన నిండిన ట్రాలీ అలాగే వదిలేసి, ఫోన్లో హైదరాబాద్‌లో ఉన్న తమ్ముడితో "ఉన్నపళంగా ఫ్లైట్ ఎక్కెయ్ రా" అని అరుస్తూ బయటికి నడిచాడు. అది కొత్త దరఖాస్తులకేనని ప్రభుత్వం చెప్పేసరికి శనివారమైంది. అప్పటికే ఎందరు టికెట్లు తగలేసుకున్నారో. పూలు సగం వాడిపోయాయి. ఆ ట్రాలీలో పాలు, పెరుగు తిరిగి ఫ్రిజ్‌లో పెట్టింది నేనే.

ఖర్చుల బిల్లు పాస్ కాక అక్టోబర్ 1న అమెరికా ప్రభుత్వం మూతపడింది. 43 రోజులు, అప్పటిదాకా ఈ దేశ చరిత్రలో ఇంత పొడుగు మూత లేదు. నవంబర్ 1న ఫుడ్ స్టాంపుల డబ్బు, అంటే తక్కువ ఆదాయం ఉన్నవాళ్లకు తిండి సరుకుల కోసం ప్రభుత్వం ఇచ్చేది, పడలేదు. దేశంలో సుమారు 4.2 కోట్ల మంది వాటి మీద ఆధారపడ్డారు. మా దగ్గర ఆ డబ్బు పడే లోన్ స్టార్ కార్డు గీకేవాళ్లు పదిహేను కుటుంబాల దాకా ఉంటారు. తరవాత కార్డుతో తీర్చండి అని ఖాతా రాయడానికి రూల్స్ ఒప్పుకోవు. వాళ్లకు మాత్రమే తగ్గించి ఇవ్వడమూ కుదరదని వ్యవసాయ శాఖ కొట్లకు గుర్తుచేసింది. సరే, ఆ రెండు వారాలు కందిపప్పు, గోధుమపిండి అందరికీ కొన్న ధరకే ఇచ్చాను. ఎందుకో ఏమిటో అప్పుడు చెప్పలేదు, అందుకే సేల్ అనుకున్నారు.

మూత తెరిచిన నవంబర్ 12నే ఫిలడెల్ఫియాలో చివరి పెన్నీ కొట్టారు. ఒక సెంటు నాణేనికి 3.69 సెంట్లు ఖర్చవుతోందట! నా కౌంటర్‌లో పెన్నీలు అయిపోవచ్చాయి. నగదు ఇచ్చేవాళ్లకు బిల్లు ఐదు సెంట్లకు కిందికే సవరిస్తున్నాను, పైకి ఎప్పుడూ కాదు.

ఇక ధరలు. నవంబర్ మధ్యలో టీ, కాఫీ, మసాలా దినుసుల మీద ఈ సుంకాలు ఎత్తేశారు. ఖరీదైన పాత స్టాకు ఇంకా కొంత ఉంది, అయినా మిరియాలు, ఏలకులు, పసుపు ధర జనవరి 2 నుంచి తగ్గిస్తున్నాను. పెంచేటప్పుడు ఆగనివాణ్ణి తగ్గించేటప్పుడు ఆగితే పిన్నిగారు ఊరుకోరు. బియ్యానికి ఆ మినహాయింపు రాలేదు. ఈ సుంకాలు చెల్లుతాయా లేదా అన్న కేసులో నవంబర్ 5న సుప్రీంకోర్టు వాదనలు విన్నది, 2025 డిసెంబర్‌లో నేను ఇది రాసేనాటికి తీర్పు రాలేదు. వచ్చేదాకా బస్తా ధర ఇప్పుడున్నదే.

చవితి ముందు స్టిక్కర్ మార్చిన బస్తాలు 140. 560 డాలర్లు. ఆగస్టు 25 నుంచి సెప్టెంబర్ 20 లోపు బస్తా కొన్నవాళ్లు కౌంటర్‌లో చెప్పండి, బస్తాకు 4 డాలర్లు బిల్లులో తగ్గిస్తాం. ఫోన్ నంబర్ ఇచ్చి కొన్నవాళ్ల పేర్లు మా దగ్గరున్నాయి. నగదుకు కొన్నవాళ్లకు రసీదు అక్కర్లేదు, మీ మాట చాలు. పిన్నిగారు నవంబర్‌లోనే తెనాలి వెళ్లిపోయారు, ఆవిడ 4 డాలర్లు కూతురి పేరు మీద రాసిపెట్టాను.

సంక్రాంతికి నువ్వులు, బెల్లం, చెరకు గడలు వస్తున్నాయి. రేగుపళ్ల గురించి మాత్రం హోల్‌సేలర్ ఇంకా మాట ఇవ్వలేదు. అడిగి చెబుతాను.