ఐలా-రోజ్ అంటే ‘ద్వీపంలో గులాబి’ కాదు

సంపాదకులకు,

నమస్కారం. మీ ఆదివారం అనుబంధంలో ఆడపిల్లల పేర్ల మీద వచ్చిన వ్యాసంలో స్కాట్లండ్‌లో పెట్టే, రెండు పేర్లు కలిపిన జంట పేరు ఒకటి ఉంది. దాన్ని ‘ఇస్లా-రోజ్’ అని అచ్చువేసి, స్పానిష్‌లో ఇస్లా అంటే ద్వీపం కాబట్టి మొత్తం పేరుకు ‘ద్వీపంలో పూసిన గులాబి’ అని అర్థం చెప్పారు. రాసిన తీరు, చెప్పిన అర్థం రెండూ తప్పే. గ్లాస్గోలోనో ఎడిన్‌బరోలోనో కాపురం ఉంటూ బిడ్డకు అక్కడి పేరు పెట్టాలనుకునే మన తల్లిదండ్రులు ఈ అర్థాన్ని నమ్మి పదిమందికీ చెప్పే అవకాశం ఉంది. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

ముందు పలకడం సంగతి. ఇంగ్లిష్‌లో ఈ పేరు ఐ, ఎస్, ఎల్, ఎ అనే నాలుగు అక్షరాలు. వాటిలో ఎస్ పలకదు. ‘ఐదు’ అనేటప్పటి ఐ పలికి, దాని వెంట ‘లా’ తేలిగ్గా వదిలేస్తే చాలు: ఐలా. మన సినిమా పేజీల్లో ‘ఇస్లా ఫిషర్’ అని కనిపించే నటి పేరు కూడా ఐలా ఫిషరే. 1976లో మస్కట్‌లో పుట్టిన ఆమె తల్లిదండ్రులు స్కాట్లండ్ వాళ్లు. ఆమెకంటే ముందు, 1978 నుంచి బీబీసీ తెర మీద బ్రిటన్ అంతటా తెలిసిన గాయని ఐలా సెయింట్ క్లెయిర్ కూడా స్కాట్లండ్ ఆవిడే.

రోజ్ విషయంలో మన లిపి మనకు మేలే చేసింది. లండన్ వాళ్ల నోట్లో ఇందులోని ఓకారం చివరికొచ్చేసరికి ‘ఉ’ వైపు జారుతుంది. స్కాట్లండ్ వాళ్లు మాత్రం మన ‘ఓ’ లాగే తిన్నగా, దీర్ఘంగా పలుకుతారు. చివరి హల్లు ‘రోజు’లో మనం పలికే దంత్య జకారానికి దగ్గర. ‘రోజు’ అని చివరి ఉకారం మింగేస్తే ఎడిన్‌బరో ఉచ్చారణకు చాలా దగ్గరికి వెళ్లినట్టే. కొందరు రాసే ‘రోస్’ పనికిరాదు.

ఇక అర్థం. స్కాట్లండ్ పడమటి తీరంలో, హెబ్రిడీస్ ద్వీపాల్లో ఒకటైన ఐలా నుంచి ఈ పేరు వచ్చింది. సుమారు 620 చదరపు కిలోమీటర్ల నేల అది. దీవి పేరుకు ఇంగ్లిష్ స్పెల్లింగ్‌లో చివర వై ఒకటి అదనంగా ఉంటుంది, పలకడం మాత్రం పిల్ల పేరులాగే. ఆ పడమటి దీవుల పాత భాష గేలిక్‌లో ఆ దీవిని ‘ఈల’ అన్నట్టుగా పలుకుతారు. అక్కడి ఫిన్‌లాగన్ సరస్సులోని చిన్న లంకల మీద కూర్చునే ‘ద్వీపాల ప్రభువులు’ పడమటి దీవులన్నిటినీ ఏలారు. 1493లో స్కాట్లండ్ రాజు ఆ బిరుదును లాగేసుకున్నాడు.

ద్వీపం పేరు కాబట్టి పేరుకు అర్థం ద్వీపమే అనుకోవడం దగ్గరే పొరపాటు జరిగింది. గేలిక్‌లో ద్వీపాన్ని ‘ఎలన్’ అంటారు, అది వేరే మాట. అయోనా మఠాధిపతి అడొమ్నాన్ సుమారు 700 ప్రాంతంలో లాటిన్‌లో రాసిన సెయింట్ కొలంబా చరిత్రలో ఈ దీవిని ‘ఇలేయా ఇన్సులా’ అన్నాడు. ఇన్సులా అంటే ద్వీపం, ఇలేయా దాని పేరు. పేరులోనే ద్వీపం ఉంటే ఆయన మళ్లీ ఇన్సులా అని చేర్చే పని లేదు. ఆ ఇలేయాలో ఎస్ లేదన్నది కూడా చూడండి. ఆ పేరు గేలిక్ భాష అక్కడికి రాకముందు నుంచీ ఉన్నదై ఉండొచ్చని స్థలనామాలు పరిశీలించినవాళ్లు అంటారు. దాని అసలు అర్థం ఇదని ఇప్పటికీ ఎవరూ తేల్చలేదు.

మరి ఆ పలకని ఎస్ ఎక్కడిది? ద్వీపం అనే ఇంగ్లిష్ మాటలో కూడా మొదట ఎస్ లేదు. పాత ఇంగ్లిష్‌లో నీటికి సంబంధించిన మాట, నేల అనే మాట కలిసి ఏర్పడిన పదమది. ఫ్రెంచ్ ద్వారా వచ్చిన లాటిన్ మాటకు దీనికీ చుట్టరికం ఉందని పొరబడి, 16వ శతాబ్దంలో పండితులు మధ్యలో ఎస్ దూర్చారు. అదే చూపు దీవి పేరు మీదా పడింది. పాత రూపానికి సాక్ష్యం కావాలంటే రాయల్ బ్యాంక్ ఆఫ్ స్కాట్లండ్ 1987 నుంచి వేసిన పాత కాగితపు నోటును చూడొచ్చు. దాని ముఖం మీద విగ్గు పెట్టుకుని కనిపించే పెద్దమనిషి ఆర్చిబాల్డ్ క్యాంప్‌బెల్, 1727లో ఆ బ్యాంకు మొదటి గవర్నరు. 1706లో ఆయనకు దక్కిన బిరుదు ‘ఎర్ల్ ఆఫ్ ఐలా’. దాని స్పెల్లింగ్ ఐ, ఎల్, ఎ, వై. ఎస్ లేదు.

ఐలా అనే నదులు కూడా రెండున్నాయి. ఒకటి కెయిర్న్‌గార్మ్ కొండల అంచున పుట్టి, గ్లెన్ ఐలా లోయ వెంట దిగి, ‘రీకీ లిన్’ దగ్గర జలపాతమై దూకి, సుమారు 74 కిలోమీటర్లు పారి టే నదిలో కలుస్తుంది. రీకీ అంటే స్కాట్స్ భాషలో పొగ కమ్మినది. నీటి తుంపర పైకి లేచి పొగలా కనిపిస్తుంది కాబట్టి ఆ పేరు. రెండోది ఉత్తరాన కీత్ ఊరి గుండా పారి డెవరాన్‌లో కలిసే చిన్న ఏరు. పిల్ల పేరుకు స్పెల్లింగ్ ఈ నదులదే, చివర వై లేకుండా. కాబట్టి అర్థం అడిగినవాళ్లకు ‘స్కాట్లండ్‌లో ఒక దీవి పేరు, నది పేరు కూడా’ అని చెబితే సరిపోతుంది. మనవాళ్లు గోదావరి అని పేరు పెడితే ఎవరూ అర్థం తవ్వరు కదా, ఇదీ అలాంటిదే. స్పానిష్ ‘ఇస్లా’కు స్పెల్లింగ్ మాత్రమే కలిసింది. తుర్కీలో ‘ఐలా’ అనే పేరుంది, చంద్రుడి చుట్టూ కనిపించే కాంతి వలయం అని అర్థం. దాని స్పెల్లింగ్ ఎ, వై, ఎల్, ఎ. పేర్ల జాబితాల్లో ఈ మూడింటినీ కలిపేసి అర్థాలు అటూ ఇటూ మార్చేస్తుంటారు.

ఇక్కడ మనవాళ్లు పడే ఇంకో గోతి ఉంది. గేలిక్ వాళ్లు ‘ఈల’ అంటున్నారు, మనకు ‘ఇల’ అంటే భూమి, పురూరవుడి తల్లి పేరు కూడా ఇళ, కాబట్టి ఇది సంస్కృతం నుంచి వెళ్లిన పేరే అనేవాళ్లు కనిపిస్తారు. రెండు చిన్న మాటల ధ్వని కలిసినంత మాత్రాన చుట్టరికం కలవదు. కలిసిందని చెప్పాలంటే పాత రూపాలు ఒకదానికొకటి అంచెలంచెలుగా అతకాలి, ఇక్కడ అలా అతికేవి లేవు. బిడ్డకు ‘ఇల’ అనే పెట్టుకోవాలనిపిస్తే హాయిగా పెట్టుకోండి, చక్కటి పేరు. ఐ, ఎల్, ఎ అని రాస్తే అక్కడి టీచరు ‘ఐలా’ అని చదివే అవకాశం ఎక్కువని మాత్రం ముందే తెలిసి ఉండాలి.

రోజ్ దగ్గరా రెండు వేర్లున్నాయి. ఒకటి అందరికీ తెలిసిన లాటిన్ పువ్వు, రోసా. రెండోది నార్మన్లు ఇంగ్లండుకు తెచ్చిన ‘రోహేజ్’ వంటి పాత జర్మానిక్ పేరు. అందులో ముందు భాగానికి కీర్తి అని, రెండో భాగానికి రకం, తీరు అని అర్థం. పువ్వుతో సంబంధం లేకుండా ఆడవాళ్ల పేరుగా వచ్చిన ఆ మాట, వినడానికి గులాబిలా ఉండేసరికి తర్వాత పువ్వులోనే కలిసిపోయింది. ఈ రోజు బిడ్డకు రోజ్ అని పెట్టేవాళ్లు గులాబినే తలుచుకుంటారు కాబట్టి ఆ అర్థం చెప్పడంలో తప్పు లేదు. స్కాట్లండ్‌లో ఆ పువ్వుకు చరిత్ర కూడా ఉంది: సింహాసనం పోగొట్టుకున్న స్టువర్ట్ వంశం పక్షాన నిలిచిన జాకొబైట్లకు తెల్ల గులాబి గుర్తు. 1688 జూన్ 10న పుట్టిన ఆ వంశ వారసుడు జేమ్స్ స్టువర్ట్ పుట్టినరోజున వాళ్లు దాన్ని ధరించేవారు. అయితే మాంట్రోజ్, మెల్రోజ్ ఊళ్ల పేర్లు చూసి అక్కడా గులాబీలు వెతకొద్దు. మాంట్రోజ్‌లో ఉన్నది ‘రోస్’ అనే గేలిక్ మాట, సముద్రంలోకి చొచ్చుకొచ్చిన నేల అని అర్థం. మాంట్రోజ్ వాళ్లు తమ పట్టణ చిహ్నంలో గులాబిని పెట్టుకోవడం పేరు మీద ఆడిన శ్లేష.

రెండు పేర్లూ కలిస్తే ఏమవుతుందో చూద్దాం. మన వ్యాకరణం తెలిసినవాళ్లకు ఒక్క ముక్కలో చెప్పొచ్చు: ఐలా-రోజ్ షష్ఠీ తత్పురుష కాదు, ద్వంద్వం లాంటిది. ‘ఐలా యొక్క రోజ్’ అనే అర్థం అందులో లేదు. రెండు పేర్లు పక్కపక్కన నిలబడి ఒకే పిల్లను పిలుస్తాయి. అందుకే ‘ద్వీపంలో గులాబి’ అనే అనువాదం, మొదటి మాటకు ద్వీపం అనే అర్థం ఉన్నా కూడా, కుదరదు.

జంట పేర్ల అలవాటు అక్కడ కొత్తదేం కాదు. పెద్ద కూతురికి అమ్మమ్మ పేరు, రెండో కూతురికి నానమ్మ పేరు, మూడో కూతురికి తల్లి పేరు పెట్టడం స్కాట్లండ్‌లో పాత ఆనవాయితీ. అన్నదమ్ములు, అక్కచెల్లెళ్ల ఇళ్లలో ఒకే పేరున్న పిల్లలు నలుగురైదుగురు తేలేవారు. ఎవరు ఎవరో తెలియాలంటే పక్కన ఇంకో పేరు చేరాలి. హెబ్రిడీస్‌లో వినిపించే అన్నా-మారి, పెగీ-అన్నా లాంటి జంటలు ఈ అవసరానికి ఒదిగినవే. మారి అంటే మేరీ. ఆమెను పిలిచేటప్పుడు గేలిక్‌లో మొదటి హల్లు మారి ‘వారి’ అవుతుంది, రాముణ్ణి పిలిచేటప్పుడు మనం ‘రామా’ అన్నట్టు. ఆ సంబోధన రూపమే స్థిరపడి ‘వారి’ అనే విడి పేరైంది. దాని ఇంగ్లిష్ స్పెల్లింగ్‌లో ఎమ్, హెచ్ ఉంటాయి కాబట్టి మన జాబితాల్లో ‘మ్హైరి’ అని పడుతోంది. ఐలా-రోజ్, ఎల్లీ-మే లాంటివి ఈ తరం జంటలు. వీటిని కలిపింది ముఖ్యంగా వినసొంపు. మొదటి పేరు ఊనికతో మొదలై తేలికగా ముగిసే రెండక్షరాలది, రెండోది ఒక్క బరువైన అక్షరం. అందుకే రోజ్, మే, గ్రేస్ ఇలాంటి జంటల్లో ఎక్కువగా చివరికే చేరతాయి.

మనం లక్ష్మీప్రసన్న, నాగవల్లి అని కలిపేసి రాస్తాం, అతికించే పని సమాసం చేస్తుంది. ఇంగ్లిష్‌లో ఆ పని అడ్డగీతది. గీత ఉంటే ఐలా-రోజ్ అంతా ఒకే మొదటి పేరు. గీత లేకుండా ఖాళీ వదిలితే పిల్ల పేరు ఐలా, రోజ్ నడిమి పేరు. లెక్కల్లోనూ ఈ తేడా పాటిస్తారు. స్కాట్లండ్ జాతీయ రికార్డుల సంస్థ ఏటా వేసే జాబితాలో 2020లో ఆడపిల్లల పేర్లలో మొదటి స్థానం ఐలాది. అడ్డగీతతో నమోదైన ఐలా-రోజ్‌లు అందులో కలవరు, వాళ్లది వేరే పద్దు.

అక్కడ బిడ్డను కన్నవాళ్లకు పనికొచ్చే సంగతులు కొన్ని. స్కాట్లండ్‌లో పుట్టిన బిడ్డను 21 రోజుల్లోగా నమోదు చేయించాలి. ఇంగ్లండులో 42 రోజులు కాబట్టి అక్కడి బంధువుల మాట విని ఆలస్యం చేయొద్దు. స్కాట్లండ్‌లోని ఏ రిజిస్ట్రారు కార్యాలయంలోనైనా చేయించుకోవచ్చు. సంతకం పెట్టేముందు వివరాలు చూపిస్తారు, అప్పుడే గీత ఉందో లేదో చూసుకోండి. నోటితో ‘ఐలా రోజ్’ అని చెబితే రాసుకునేవాళ్లకు గీత వినపడదు. కాగితం మీద రాసిచ్చి, గీత ఉండాలని విడిగా చెప్పడం మేలు. తర్వాత మనసు మారినా, 16 ఏళ్లలోపు మొదటి పేరు మార్పును జనన రికార్డులో ఒక్కసారే నమోదు చేస్తారు.

పాస్‌పోర్టులో ఫొటో పేజీ అడుగున యంత్రం చదివే రెండు వరుసలుంటాయి. అక్కడ అడ్డగీత పడదు, దాని బదులు బాణం మొనలాంటి గుర్తు పడుతుంది. రెండు పేర్ల మధ్య ఖాళీ ఉన్నా అదే గుర్తు. అంటే యంత్రానికి గీత ఉన్న పిల్లా లేని పిల్లా ఒకటే, తేడా పైన అచ్చులో మాత్రమే తెలుస్తుంది. ఆ వరుసలో ఇంటిపేరుకు, పిల్ల పేరుకు కలిపి 39 గడులు. ఐలా-రోజ్‌కు గుర్తుతో సహా 9, ఇంటిపేరు తర్వాత రెండు గుర్తులు, మిగిలేవి 28. ఇంటిపేరు గడిలో ఇంటిపేరుతోపాటు నాన్న పూర్తి పేరు కూడా రాసే అలవాటున్న మన కుటుంబాల్లో ఈ 28 దాటడం కష్టమేం కాదు, దాటితే పేరు తెగిపోతుంది. విమాన టికెట్ మీద కూడా చాలాచోట్ల గీత పడక రెండు పేర్లూ అతుక్కుని వస్తాయి. అక్షరాలు, వాటి వరుస పాస్‌పోర్టుతో సరిపోయాయో లేదో చూసుకోవాలి. ఎడిన్‌బరోలోని భారత కాన్సులేట్‌కు ఇచ్చే దరఖాస్తుల్లో జనన పత్రంలో ఉన్నది ఉన్నట్టే రాయండి. ఒకచోట గీత పెట్టి, ఒకచోట వదిలేసి, ఇంకోచోట రోజ్‌ను ఇంటిపేరు గడిలోకి నెట్టేస్తే ఒకే పిల్లకు మూడు పేర్లు తయారవుతాయి.

ఆ వ్యాసాన్ని మీ వెబ్‌సైట్‌లోనూ ఉంచారు కాబట్టి అక్కడైనా ‘ఇస్లా’ను ‘ఐలా’ అని దిద్ది, అర్థం దగ్గర ‘స్కాట్లండ్‌లోని దీవి పేరు, నది పేరు, గులాబి’ అని మార్చవలసిందిగా కోరుతున్నాను. అదే జాబితాలో ‘ఐలిధ్’ అని పడిన పేరును కూడా ‘ఏలీ’గా సరిచేయాలి. హెలెన్‌కు గేలిక్ రూపమది, చివరి రెండు అక్షరాలు పలకవు.

ఇట్లు,
ఒక పాఠకురాలు,
రాజమహేంద్రవరం