ఇవ్వాల్సింది ఉమ్మి కాదు, గళ్ల

సంపాదకులకు నమస్కారం.

క్షయ పరీక్షకు మన వైపు చాలామంది ‘ఉమ్మి పరీక్ష’ అనే అంటారు. సగం చిక్కు ఆ పేరులోనే ఉంది. ఉమ్మి అడిగారు కదా అని నోట్లో ఉన్న ఎంగిలి డబ్బాలో వేసి పోతారు. క్రిములుండేది ఊపిరితిత్తుల లోపలి నుంచి దగ్గితే పడే గళ్లలో. గోడ మీద తెమడ అని రాసినా, కళ్లె అని రాసినా, చీటీ ఇచ్చేటప్పుడు ‘పోయి ఉమ్మేసి రాపో’ అంటే ఆ రాతలన్నీ దండగే.

సరిగ్గా చెప్పడానికి ఒక్క నిమిషం చాలు. ముందు మంచినీళ్లతో నోరు పుక్కిలించాలి. వక్కాకు, గుట్కా, అన్నం మెతుకుల తునకలు మిగిలితే అవీ ల్యాబ్‌లో వేసే రంగు పట్టి, లేని క్రిమి ఉన్నట్టు భ్రమ పెడతాయి. తర్వాత గుండెల నిండా గాలి పీల్చి, కాసేపు బిగబట్టి వదలాలి. రెండు మూడుసార్లు ఇట్లా చేసి, చివర పీల్చిన గాలితో లోపలి నుంచి గట్టిగా దగ్గాలి. చిక్కగా, జిగటగా, పసుపు తిరిగి పడితే అది గళ్ల. నీళ్లలా నురగ తేలితే ఉమ్మి. 2 నుంచి 5 మిల్లీలీటర్లు, అంటే అర టీ చెంచా నుంచి ఒక చెంచా దాకా కావాలి. మూసిన గదిలోనో, మిగతా రోగులు కూర్చున్న వరండాలోనో దగ్గించకూడదు. ఆరుబయట వేపచెట్టు కింద చాలు. డబ్బాలు రెండు: ఒకటి ఆస్పత్రికి వచ్చినప్పుడు, రెండోది మర్నాడు పొద్దున లేవగానే. రెండో రోజు కూలి పోగొట్టుకుని, బస్సు చార్జీ పెట్టుకుని అందరూ రారు. అందుకే మొదటి డబ్బా ముఖ్యం. రోగి గేటు దాటకముందే మూత తీయకుండా వెలుతురుకు పట్టి చూస్తే తెలిసిపోతుంది.

ల్యాబ్‌లో జరిగే పొరపాట్లు కూడా దాచనక్కర్లేదు. చీపురు పుల్లతో చీములా ఉన్న భాగాన్నే ఎంచి, స్లైడ్ మీద 3 సెంటీమీటర్ల పొడవు, 2 సెంటీమీటర్ల వెడల్పున పూయాలి. పూత మందం చూడటానికి ఈ పత్రికే పనికొస్తుంది: ఆరిన స్లైడ్‌ను అక్షరాల పైన నాలుగైదు సెంటీమీటర్ల ఎత్తులో పట్టుకుంటే అక్షరాలు కనబడాలి. కనబడకపోతే పూత మందం, కడిగేటప్పుడు పొర లేచిపోతుంది. ఎండలోనో మంట మీదో కాకుండా గాలికి ఆరనిచ్చి, తర్వాతే మంట మీదుగా మూడు నుంచి ఐదుసార్లు పోనివ్వాలి. 1 శాతం కార్బల్ ఫుక్సిన్ అనే ఎర్ర రంగు పోసి ఆవిరి లేచేదాకా కింద వేడి చేసి, మరగనివ్వకుండా 5 నిమిషాలు ఉంచాలి. అనంతపురం ఎండాకాలంలో ఫ్యాన్ కింద ఈ పని చేస్తే రంగు ఇంకిపోయి ఎర్రటి పలుకులు కడతాయి. వాటిని క్రిములనుకోవడం కొత్తవాళ్లు చేసే తప్పు. వడగట్టని పాత రంగుతోనూ ఇదే గొడవ. తర్వాత 25 శాతం సల్ఫ్యూరిక్ యాసిడ్ 2 నుంచి 4 నిమిషాలు, 0.1 శాతం మిథిలీన్ బ్లూ 30 సెకన్లు. క్షయ క్రిమి గోడ మైనంలాంటిది కాబట్టి యాసిడ్ పోసినా ఎరుపు వదలదు, మిగతావన్నీ నీలమవుతాయి. (యాసిడ్ పలచన చేసేటప్పుడు నీళ్లలో యాసిడ్ పోయాలి గానీ యాసిడ్‌లో నీళ్లు పోయకూడదు, చిట్లి మొహాన పడుతుంది.) లెన్స్ నూనె చుక్క వేసేటప్పుడు పుల్ల స్లైడ్‌కు తగిలితే ఒకరి క్రిములు ఇంకొకరి స్లైడ్‌కెక్కుతాయి.

నెగటివ్ అని రాయాలంటే 100 ఫీల్డులు (సూక్ష్మదర్శినిలో ఒక్కసారికి కనబడే గుండ్రటి మేర ఒక ఫీల్డు) చూడాలి. అందులో 1 నుంచి 9 క్రిములే కనిపించినా ‘స్కాంటీ’ (కొద్దిగా ఉన్నాయి) అని అంకెతో సహా రాయాలి, వదిలేయకూడదు. హడావుడి లేకుండా చూస్తే రోజుకు 20, 25 స్లైడ్లకు మించి ఒకరి కళ్లు తట్టుకోవు. ఎక్కువ అప్పజెప్పి తప్పులెంచడం న్యాయం కాదు.

ఇంత జాగ్రత్తగా చేసినా ఒక్క మిల్లీలీటరులో 5 నుంచి 10 వేల క్రిములుంటేనే సూక్ష్మదర్శినికి చిక్కుతాయి. పిల్లల్లో, హెచ్‌ఐవీ ఉన్నవాళ్లలో అన్ని ఉండకపోవచ్చు. క్రిమి డీఎన్‌ఏను వెతికే సీబీనాట్, ట్రూనాట్ యంత్ర పరీక్షలు అంతకన్నా ఎన్నో రెట్లు తక్కువ క్రిములనూ పట్టుకుంటాయి, క్షయకు వాడే ముఖ్యమైన మందు రిఫాంపిసిన్‌కు క్రిమి లొంగుతుందో లేదో కూడా చెబుతాయి. రెండు వారాలు దాటిన దగ్గు ఉండి స్లైడ్ నెగటివ్ వస్తే ఆ పరీక్షకు పంపాలి. తాడిపత్రి, బేతంచెర్ల బండల పనివాళ్లు దగ్గును ‘దుమ్ము దగ్గు’ అనుకుని నెలలు గడిపేస్తారు. రాతి దుమ్ముతో సిలికోసిస్ అనే ఊపిరితిత్తుల జబ్బు వచ్చినవాళ్లకు క్షయ ముప్పు మరీ ఎక్కువ, వాళ్లను మొదటే పంపడం మేలు.

అట్లాగని సూక్ష్మదర్శినిని అటకెక్కించలేం. మందులు పని చేస్తున్నాయా అని చూసేటప్పుడు సీబీనాట్ చచ్చిన క్రిముల డీఎన్‌ఏకు కూడా పాజిటివ్ చూపవచ్చు, అక్కడ స్లైడే దిక్కు. న్యుమోనియా కోసం గ్రామ్ రంగు (క్రిమి ఏ రకమో తేల్చే రంగు) వేయాలన్నా ఇదే గళ్ల. తక్కువ పవర్‌లో ఫీల్డుకు 10 కన్నా ఎక్కువ నోటి చర్మకణాలు కనిపిస్తే అది ఉమ్మి కిందే లెక్క.

క్షయ పరీక్ష ఫారంలోనూ శాంపిల్ ఎట్లా ఉందో రాసే గడి ఒకటుంది: చీముతోనా, రక్తంతోనా, ఉమ్మిలానా. చాలాసార్లు అది అలవాటుగా నిండుతుంది. దాన్ని నిజంగా చూసి రాయాలి. ‘నెగటివ్’ పక్కన ఆ గడిలో ‘ఉమ్మి’ అని కనిపిస్తే డాక్టరు దగ్గు మందు రాయకుండా, రోగి చేతికి ఇంకో డబ్బా ఇచ్చి వేపచెట్టు కిందకు పంపాలి.

– కొందరు ల్యాబ్ టెక్నీషియన్లు, అనంతపురం