శకుంతల పేరు మీద ఒక అవార్డు పెట్టలేమా?

సంపాదకులకు,

గద్దర్ తెలంగాణ ఫిల్మ్ అవార్డుల్లో ప్రత్యేక పురస్కారాల పేర్లు ఒకసారి వరసగా చదవండి. ఎన్టీఆర్, పైడి జైరాజ్, బి.ఎన్.రెడ్డి, నాగిరెడ్డి-చక్రపాణి, కాంతారావు, రఘుపతి వెంకయ్య. 2025 జూన్ 14న హైటెక్స్‌లో వీళ్ల పేర్ల మీదే ఇచ్చారు. అందరూ పెద్దవాళ్లే, కాదనేవాళ్లు లేరు. కానీ అందులో ఒక్క ఆడమనిషి పేరు లేదు. ఆ జూన్ 14 క్యారెక్టర్ నటి తెలంగాణ శకుంతల వర్ధంతి కూడా. 2014లో అదే తేదీన కొంపల్లిలోని తన ఇంట్లో గుండెపోటుతో పోయారు.

ఆమె పుట్టింది మహారాష్ట్రలో, ఇంట్లో మాట్లాడేది మరాఠీ. నాటకాలు ఆడుతూ ‘మాభూమి’తో సినిమాల్లోకి వచ్చారు. తెలంగాణ యాసను ఎంతగా పట్టుకున్నారంటే చివరికి అదే ఇంటిపేరై కూర్చుంది. ఇందులో ఒక చేదు కూడా ఉంది. అప్పట్లో మన సినిమాల్లో తెలంగాణ మాట వినిపించిందంటే అది రౌడీ నోటో, నవ్వించేవాడి నోటో వినిపించేది. ఆమెకూ ఎక్కువగా గయ్యాళి వేషాలే వచ్చాయి. గొంతు పెంచి అరవమనేవారు, అరిచేవారు. ఆ పరిధిలోనే ఎంత చేశారో చూడాలంటే 2003 సంక్రాంతి గుర్తు తెచ్చుకోవాలి. తెలుగులో ‘ఒక్కడు’లో ప్రకాష్‌రాజ్ తల్లిగా రాయలసీమ యాస మాట్లాడారు. అదే పండక్కి తమిళంలో ‘ధూల్’ విడుదలైంది. అందులో విక్రమ్‌కి ఎదురు నిలిచే మెయిన్ విలన్ సొర్ణక్క ఆమే. హీరోకి ఎదురుగా విలన్‌గా ఒక నడివయసు ఆడమనిషిని నిలబెట్టే ధైర్యం మన ఇండస్ట్రీలో ఇప్పటికీ ఎంతమందికి ఉంది?

‘ఉత్తమ సహాయ నటి అవార్డు ఉందిగా’ అనొచ్చు. ఉంది. 2024 సినిమాలకు దాన్ని ‘అంబాజీపేట మ్యారేజి బ్యాండు’లో స్కూల్ టీచర్ పద్మగా చేసిన శరణ్య ప్రదీప్‌కి ఇచ్చారు, చాలా సంతోషం. టీవీ యాంకర్‌గా మొదలై, ‘ఫిదా’లో సాయిపల్లవి అక్క రేణుకగా కనిపించిన అమ్మాయి. కానీ అది ఒక ఏడాదిలో, ఒక సినిమాకి ఇచ్చేది. ముప్పై ఏళ్లు తల్లిగా, అత్తగా, పనిమనిషిగా చేసినవాళ్లలో చాలామందికి గుర్తింపు తెచ్చే ఆ ఒక్క సినిమా ఎప్పటికీ రాదు. వాళ్ల పని అలాంటిది. ప్రొడక్షన్ మేనేజర్ ఫోన్ చేస్తే వెళ్లాలి, హీరో డేట్ మారితే వీళ్ల కాల్షీట్, అంటే ఆ రోజు షూటింగ్ పని, పోతుంది. హీరో క్లోజప్‌కి సజెషన్‌లో, అంటే ఎదుటి మనిషి భుజం మీదుగా తీసే షాట్‌లో, భుజం మాత్రమే కనిపించేలా గంటల తరబడి నిలబడాలి. ఆ భుజానికి అవార్డు ఎవరిస్తారు? అదే వేదిక మీద 2014 నుంచి 2023 దాకా పదేళ్లకూ ఉత్తమ చిత్రాలను ఎంపిక చేసి బహుమతులిచ్చారు. సినిమాలకే, నటులకు కాదు. అంటే ఆ పదేళ్లలో పనిచేసిన క్యారెక్టర్ నటీమణుల లెక్క ఇక తేలదు.

అందుకని నా మనవి. ఆరింటికి తోడు ఏడోది ఒకటి తెలంగాణ శకుంతల పేరు మీద పెట్టండి. అది క్యారెక్టర్ నటికే ఇవ్వాలి, రిటైరైన హీరోయిన్‌కి కాదు. టీవీని కూడా కలపాలి. ఇవాళ రోజూ సాయంత్రం ఇంటింటా కనిపించే అత్తలు, అమ్మమ్మలు సీరియళ్లలోనే ఉన్నారు, సినిమాల్లో తగ్గిన పని చాలామందికి అక్కడే దొరికింది. ఉమ్మడి రాష్ట్రంలో టీవీకి విడిగా నంది బహుమతులు ఉండేవి కాబట్టి ఇదేమీ కొత్త గొడవ కాదు.

ఇంకొక్క మాట, ఇది ఈ అవార్డులు చూసే ఎఫ్‌డీసీ (ఫిల్మ్ డెవలప్‌మెంట్ కార్పొరేషన్) వాళ్లకు. ఈ అవార్డుకి దరఖాస్తులు అడగొద్దు. సినిమాల ఎంట్రీలు పంపడానికి నిర్మాతలు ఉంటారు. ఈ అమ్మలకు పీఆర్వోలు ఉండరు, ఫారం నింపి పంపేవాళ్లూ ఉండరు. జ్యూరీయే వెతుక్కుని వెళ్లాలి. ఆర్టిస్టుల సంఘంలో సభ్యుల జాబితా ఉంటుంది, అక్కడి నుంచి మొదలుపెట్టవచ్చు.

- ఒక పాఠకురాలు, వరంగల్