ఫిల్మ్ సొసైటీ వార్షిక నివేదిక

గౌరవ సభ్యులకు నమస్కారం.

నెలవారీ ప్రదర్శనలు ఎప్పటిలాగే రెండో ఆదివారాల్లో జరిగాయి. జాబితా నోటీసు బోర్డులో ఉంది. ఇక్కడ ముఖ్యంగా చెప్పాల్సింది మూకీ ప్రదర్శన గురించి.

జపాన్ దర్శకుడు కెంజి మిజొగుచి 1933లో తీసిన 'తాకి నో షిరైతో' వేశాం. మన 'భక్త ప్రహ్లాద' 1932లోనే మాట్లాడింది. జపాన్‌లో మాత్రం ఆ తరవాత కూడా మూకీలు తీస్తూనే ఉన్నారు. అందుకు పెద్ద కారణం బెన్షీలు. తెర పక్కన నిలబడి పాత్రలన్నిటికీ గొంతునిచ్చే వీళ్లకి హీరోలతో సమానంగా అభిమానులుండేవారు. మన హరికథా భాగవతార్‌ని తెర పక్కన నిలబెట్టినట్టన్నమాట. అందుకే మేం సబ్‌టైటిల్స్‌తో సరిపెట్టలేదు. మా ఉపాధ్యక్షురాలు తెలుగులో వ్యాఖ్యానం రాసుకుని, స్క్రిప్టులో ఎక్కడ ఆగాలో ఎర్ర ఇంకుతో గుర్తులు పెట్టుకుని, చిన్న టార్చి వెలుగులో చివరిదాకా చెప్పారు.

నీళ్ల గారడీ చేసే షిరైతో (ఇరియె తకాకో), బండి తోలే కిన్యాని ప్రేమించి అతని లా చదువుకి డబ్బు పంపుతుంది. అతని కోసం వడ్డీ వ్యాపారి దగ్గర తెచ్చిన సొమ్ము దొంగలపాలవుతుంది. ఆ గొడవలో ఆ వ్యాపారి ఆమె చేతిలో చనిపోతాడు. ఆమె కేసు చూడాల్సిన ప్రాసిక్యూటరుగా వచ్చేది ఆ కిన్యానే. కోర్టు సీన్లో మా వ్యాఖ్యాత అతనికి రెండు మూడు మాటలే ఇచ్చి, మిగతాదంతా అతని మొహానికే వదిలేశారు. అతని ఉద్యోగ ధర్మానికి మచ్చ రాకూడదని ఆమె నేరం ఒప్పుకుంటుంటే హాల్లో ఒక్క కుర్చీ కదల్లేదు. ఇన్నేళ్ల మన కార్యక్రమాల్లో ఇంతకన్నా మంచిది నాకు గుర్తులేదు.

ముందు వరసలో అధికారుల కోసం ఉంచిన సీట్లు ఖాళీగానే మిగిలాయి. చివరికి నిలబడి ఉన్న విద్యార్థుల్ని కూర్చోబెట్టాం. హాలు అనుమతి కాగితం 'రేపు రండి' అంటూ టేబుళ్ల మీద తిరిగి, ముందురోజు సాయంత్రం చేతికొచ్చింది. ఆ టెన్షన్ కార్యవర్గానికే తెలుసు. పోయినేడు వాలంటీర్లుగా చేతులెత్తినవాళ్లు ఆ రోజు కనబడలేదు. కుర్చీలు వేసింది కోశాధికారి, వాచ్‌మన్. ఇది బాధతోనే రాస్తున్నాను.

ప్రొజెక్టర్ ఇచ్చిన కాలేజీకి, పోస్టర్ వేసిన ఆర్టిస్టుకి, టీ పంపిన హోటలాయనకి, సంగీతం సమకూర్చిన కుర్రాళ్లకి, ఓపిగ్గా రిహార్సల్స్ విన్న మా ఇంటివాళ్లకి కృతజ్ఞతలు.

జమాఖర్చులు కోశాధికారి చదువుతారు, ఆడిట్ అయింది. చందా బాకీ ఉన్నవారు ఈ రోజే కట్టి రసీదు తీసుకోండి. వచ్చే ఏడాది ఇంకో మూకీకి వ్యాఖ్యానం చెప్పదలచినవారు సమావేశం అవగానే నాకు పేరివ్వండి.

కార్యదర్శి